పంతులమ్మగారి దసలి గూళ్ళు

పోయిన బుధవారం పొద్దున్న వర్క్‌షాపు రెండో సైరను కూసి ఎంతోసేపు కాలేదు. రైల్వే ఆసుపత్రిలో నర్సుగా చేస్తున్న అమ్మాయి, ఒకప్పుడు మా పంతులమ్మగారి దగ్గర చదువుకున్న పిల్ల, డ్యూటీ బట్టలతోనే సైకిలు మీద మా గుమ్మం ముందు దిగింది. స్టాండు కూడా వేయకుండా సైకిలుని గోడకి ఆనించేసి లోపలికి వచ్చింది. ఆ రావడం చూసే నాకు సగం తెలిసిపోయింది.

"పెద్దమ్మా, పంతులమ్మగారు పోయారు. టీ పెట్టుకుందామని నీళ్ళు పొయ్యి మీద పెట్టి, మరిగేలోపు కుర్చీలో కూర్చున్నారంట. నీళ్ళు ఇగిరిపోయి గిన్నె మాడిన వాసన వచ్చి పక్కింటావిడ వెళ్ళి చూసిందంట. కళ్ళజోడు కూడా జారలేదు పెద్దమ్మా."

మా అత్తగారికి ఎనభై ఏళ్ళు. చెవులు సరిగ్గా వినపడవు. "ఏటంటాంది ఆ గుంట?" అని అడిగారు. దగ్గరకు వెళ్ళి చెవిలో చెప్పాను. చేతిలోని చిక్కుడుకాయని ఈనె తీయకుండానే గిన్నెలో వేసేశారు. తర్వాత, "టీ తాగకుండా ఎలిపోనాదా" అన్నారు.

ఈ నాలుగు మాటలూ ఏడవడానికి రాయడం లేదు. ఆవిడ గురించి ఏడుస్తూ రాస్తే ఆవిడే ఎర్రసిరాతో కొట్టేస్తారు. ఈ ఊళ్ళోని తెలుగు ఆడపిల్లల్లో చాలామందికి ఆవిడ ప్రకృతిశాస్త్రం చెప్పారు. నేను ఆవిడ బడిలో చదవలేదు. నా హైస్కూలు చదువు పలాసలో ముగిసింది, పెళ్ళయి ఖరగ్‌పూర్ వచ్చేశాను. కానీ ఆవిడ మా పక్క క్వార్టర్లో పద్దెనిమిదేళ్ళు ఉన్నారు. వరండా గోడకి అటు ఆవిడ, ఇటు నేను. నా అసలు చదువు ఆ గోడ దగ్గరే జరిగింది.

ఆవిడ వచ్చిన మొదటి సాయంత్రం నాకు బాగా గుర్తు. సామాను ఇంకా బండి మీదే ఉంది. ఒక ట్రంకు, పరుపుచుట్ట, సుద్దముక్కల పెట్టె. పెళ్ళి చేసుకోని మనిషి అని అప్పటికే లైనంతా తెలిసిపోయింది. మా ఆయన వర్క్‌షాపు నుంచి వచ్చి కాళ్ళు కడుక్కుంటుంటే ఆవిడ పలక పట్టుకుని మా గుమ్మంలోకి వచ్చారు. పలక మీద చిన్న బూడిదరంగు రెక్కల పురుగు.

"దీన్ని మీ ఇంట్లో ఏమంటారండీ?"

కొత్తగా దిగినవాళ్ళు బిందె అడుగుతారు, బొగ్గులు అడుగుతారు. పురుగు పేరు అడిగిన మనిషిని మా అత్తగారు అప్పటిదాకా చూడలేదు.

"సిమ్మట" అన్నారు. "బట్టలు కొరికేస్తాది. అవతల పారీండి."

"సాయంత్రం చెట్ల మీద చెవులు చిల్లులు పడేలా అరిచేదాన్ని?"

"అదీ సిమ్మటే."

"రెండూ ఒకటేనంటారా?"

"ఒకటెలా అవుతాయమ్మా? అది అరుస్తాది, ఇది కొరుకుతాది. పేరొకటి, అంతే."

పంతులమ్మగారి ముఖం వెలిగిపోయింది. చంకలోంచి నోటుబుక్కు తీసి రాసుకున్నారు. రాసిన దాని పక్కన మా క్వార్టరు నెంబరు వేశారు. అక్కడి నుంచి బెంగాలీ దీదీ ఇంటికి వెళ్ళారు, ఆ తర్వాత ఒడియా గార్డుగారి ఇంటికి. చీకటి పడకముందే ఆ పురుగుకి లైనులో ఎన్ని పేర్లున్నాయో అన్నీ ఆ పుస్తకంలోకి ఎక్కాయి.

అదే ఆవిడ పద్ధతి. పుస్తకాల్లో చూసి ఏ పేరూ రాసేవారు కాదు. మనిషి నోటితో అంటే విని రాయాలి. వర్క్‌షాపులో ఒకే పేరున్న ఫిట్టర్లు ముగ్గురుంటే టికెట్ నెంబరుతో పిలుస్తారు కదా, పురుగులకి టికెట్లు లేవు కనుక నోటుబుక్కు కావాలని అనేవారు. పేర్లు ఒకలా వినిపిస్తే పిల్లలు వెంటనే ముడి పెట్టేస్తారని ఆవిడ దిగులు. "వినగానే చుట్టరికం కలపకండి. ముందు ఊరు అడగండి, ఇంటిపేరు అడగండి" అని క్లాసులో చెప్పేవారట. పెళ్ళిసంబంధాలు చూసుకున్న మనిషి కాదు గానీ, మాటలకి మాత్రం ఆవిడంత గట్టిగా సంబంధాలు విచారించినవాళ్ళు లేరు.

విస్తరాకులు అమ్మే సంతాలీ గిరిజనురాలు ఒకామె వారానికొకసారి ఖరిదా బజారుకి వెళ్తూ మా లైను మీదుగా వచ్చేది. హిజ్లీ అవతల సాల అడవిలో ఆకులు కోసి, పుల్లలతో కుట్టి, కట్టలు కట్టి నెత్తిన పెట్టుకుని వచ్చేది. ఒక చలికాలం ఆమె గంపలో ఆకులతోపాటు కోడిగుడ్డంత కాయలు కొన్ని ఉన్నాయి. గట్టిగా, మట్టిరంగులో, ఒక్కొక్కదానికీ కొమ్మని చుట్టుకున్న తొడిమ. పంతులమ్మగారు గోడ మీంచి చూసి చెప్పులు లేకుండా పరుగెత్తారు.

"వీటిని మీరేమంటారు?"

"లుమాం, దిదిమొణి" అంది ఆమె. అదేమిటి, ఇంత చదువుకున్నావు, ఇది తెలియదా అన్నట్టు చూసింది.

బెంగాలీ దీదీ తొశొర్ అంది. గార్డుగారి భార్య కోసా అంది. మా అత్తగారు, "దసలికాయలు. మా మేనత్త దగ్గర దసలిపట్టు సీర ఉండేది" అన్నారు. పంతులమ్మగారు ఆ రోజు భోజనం కూడా సరిగ్గా చేసి ఉండరు. మధ్యాహ్నమంతా గోడ దగ్గరే నిలబడి నాకు చెబుతూనే ఉన్నారు. తొశొర్, దసలి, తసరు, ఇవన్నీ ఒకే ఇంటి పిల్లలట. సంస్కృతంలో తసరం అంటే నేతగాడి చేతిలో అటూ ఇటూ ఆడే నాడె అట. దసరాకీ వీటికీ ఏ సంబంధమూ లేదు. ఈ మాట ఎందుకు చెప్పారంటే, అంతకుముందు ఏడాది ఒక పిల్ల పరీక్షలో "దసరాకి వచ్చే పురుగు కనుక దసలి అని పేరు వచ్చెను" అని రాసిందట. "అర మార్కు ఇచ్చాను. తప్పే, కానీ తప్పు చేయడానికైనా ఆలోచించింది కదా" అన్నారు.

ఆ గూళ్ళని వరండాలో తాడుకి కట్టారు. లోపల పురుగు నిద్రపోతోందని, వానలు పడ్డాక రెక్కలతో బయటికి వస్తుందని చెప్పారు. వేసవి సెలవులకి వాళ్ళ ఊరు వెళ్ళేటప్పుడు పదకొండు గూళ్ళూ నా చేతిలో పెట్టారు.

"నీడలో, గాలి తగిలేచోట వేలాడదియ్యి అమ్మాయ్. చీమలు పట్టకుండా చూడు. ఇంకేమీ చెయ్యక్కర్లేదు."

ఆ చివరి మాట నేను సరిగ్గా వినలేదు. విన్నాను, కానీ లోపలికి తీసుకోలేదు. పెద్దవాళ్ళు ఒక పని అప్పగిస్తే చెప్పినదానికంటే కాస్త ఎక్కువే చేయాలని నన్ను పెంచారు. మా ఇంట్లో చీమలు, బల్లులు రాని చోటు దేవుడి గది ఒక్కటే. కిటికీ కూడా ఉంది. అక్కడ సింహాద్రి అప్పన్న పటం పక్కన మేకుకి కడదామనుకున్నాను. మా అత్తగారు అడ్డం పడ్డారు.

"సంతలోంచి వచ్చిన వస్తువు. ఎందరి సేతుల్లో పడిందో. కడగకుండా అప్పన్న దగ్గిర ఎట్టేస్తావేటి?"

మా ఇంట్లో ఆ పద్ధతి ఉంది. బజారు నుంచి ఏది వచ్చినా దేవుడి గదిలోకి వెళ్ళాలంటే పసుపు వేసిన వేడినీళ్ళలో ముంచి తీయాలి. గంట అయినా, కుంది అయినా, పటానికి కొట్టే మేకు అయినా అంతే. అత్తగారికి వాళ్ళ అమ్మ నేర్పింది, నాకు అత్తగారు నేర్పారు. నేను నీళ్ళు బాగా కాచి, పసుపు వేసి, ఒక్కొక్క గూడునీ శ్రద్ధగా ముంచి, గుడ్డతో తుడిచి, ఆరబెట్టి, అప్పన్న పక్కన కట్టాను. రోజూ అగరువత్తి వెలిగించేటప్పుడు వాటికి కూడా ఒకసారి దణ్ణం పెట్టేదాన్ని.

జూన్‌లో పంతులమ్మగారు తిరిగి వచ్చారు. వానలు మొదలయ్యాయి. వారం గడిచింది, రెండు వారాలు గడిచాయి. ఏదీ విచ్చుకోలేదు. ఒక ఆదివారం పొద్దున్న ఆవిడ ఒక గూడు తీసి చెవి దగ్గర పెట్టుకుని మెల్లగా ఊపారు. బతికున్న గూడు ఊపితే లోపల బరువుగా కదులుతుంది. ఇది ఎండిన చింతగింజలా గలగలమంది. రెండోది ఊపారు. మూడోది ఊపారు.

"వీటికి వేడి తగిలిందా?"

నేనేదో అన్నాను. నాకే వినపడలేదు.

"గట్టిగా చెప్పు అమ్మాయ్."

"కడిగానండీ. పసుపునీళ్ళతో. వేడినీళ్ళు."

ఆవిడ మెట్టు మీద కూర్చున్నారు. నేను నిలబడే ఉన్నాను. తిడితే బాగుండుననిపించింది. గూడు ఒళ్ళో పెట్టుకుని అడిగారు.

"ఎందుకు కడిగావు?"

"దేవుడి దగ్గర పెడదామని."

"ఇంటికొచ్చినవాళ్ళని కాళ్ళు కడుక్కోమంటాం గానీ, మరిగే నీళ్ళు నెత్తిన కుమ్మరిస్తామా?" అన్నారు. గొంతులో కోపం లేదు. "సగం తప్పు నాదే. ఇంకేమీ చెయ్యక్కర్లేదన్నాను గానీ, ఎందుకో చెప్పలేదు."

అప్పుడు నేను ఏడ్చాను. చీమకి కూడా పక్కకి తప్పుకుని నడిచేదాన్ని. దేవుడి పేరు చెప్పి పదకొండు ప్రాణాలు తీశాను. ఆవిడ నన్ను పక్కన కూర్చోబెట్టుకుని, ఇవాళ నేను చెప్పకపోతే రేపు ఇంకెవరో చెబుతారు, నా దగ్గరే విను అంటూ మొదలుపెట్టారు. పట్టు ఎలా వస్తుందో ఆ రోజే నాకు తెలిసింది. పురుగు బయటికి వస్తే గూడు చిల్లి పడి పోగు తెగిపోతుంది. అందుకని రాకముందే వేడినీళ్ళలో వేస్తారు. నేను తెలియక చేసిన పని, నా పెళ్ళిచీర కోసం తెలిసే చేశారు. అదీ వేలకొద్దీ.

రోజూ ఆ చీరతోనే నేను పూజ చేసేదాన్ని. మడికి పట్టే పవిత్రమని మాకు చెప్పారు. ఆ సాయంత్రం దీపం పెట్టి అప్పన్నకి మొక్కుకున్నాను. ఒక్క ప్రాణమూ పోకుండా వచ్చిన పట్టుగుడ్డ నీకు కప్పేదాకా నేను పట్టు కట్టను స్వామీ అని.

మొక్కు మనసులో మొక్కుకోవడం తేలిక. అత్తగారితో చెప్పడం కష్టం.

"పట్టుసీర కట్టకుండా వరలచ్చిమి ఏటి, వ్రతమేటి? నలుగురూ ఏటనుకుంటారు? నీ సీర నేనే పెట్టెలో దాచీసినాననుకోరూ?" అన్నారు. శ్రావణమాసానికి నెలైనా లేదు. మా ఆయన్ని మధ్యలోకి లాగారు. ఆయన చొక్కా గుండీలు పెట్టుకుంటూ, "నాకు ఖాకీ ఉంది. మీ గొడవలోకి నన్ను లాగకండి" అని వర్క్‌షాపుకి వెళ్ళిపోయారు. అత్తగారు నాతో మాట్లాడడం మానేశారు. ఏదైనా కావాలంటే గోడకి చెప్పేవారు. "ఈ ఇంట్లో మంచినీళ్ళు ఇచ్చీవోళ్ళు నేరేటి?" అని.

అసలు చిల్లి పడిన గూటి నుంచి పట్టు వస్తుందా అని పంతులమ్మగారిని అడిగాను. మొక్కుకున్నాక అడిగాను, ముందు కాదు.

"పోగు రాదు. కానీ దూదిలా పీకి వడకొచ్చు" అన్నారు. వాళ్ళ అమ్మమ్మది పొందూరు దగ్గర పల్లె. నూలు వడికే చేతులు. ఆవిడ వాడిన తకిలీ పంతులమ్మగారి ట్రంకులో ఉంది. "చెయ్యడానికి నేనున్నాను. గూళ్ళే లేవు. వానల్లో ఆ విస్తరాకులామె రాదు కదా" అన్నారు.

వ్రతం రోజు రానే వచ్చింది. నేను విడిగా ఉతికి ఆరేసిన నేతచీర కట్టుకున్నాను. అత్తగారు నా వైపు చూడలేదు. పూజ అయ్యాక ముత్తైదువులకి భోజనాలు వడ్డించాలి. ఎప్పుడో కొని అటక మీద పెట్టిన విస్తరాకుల కట్ట దించి విప్పాను. మధ్యలో ఒక విస్తరి ఎత్తుగా ఉంది. తీసి చూస్తే రెండు సాల ఆకుల మధ్య, ఆకుల్ని కుట్టినట్టే చుట్టుకుని, ఒక దసలి గూడు. ఆకు కుట్టిన మనిషి చూసుకోలేదు. మేమూ చూసుకోలేదు. చెవి దగ్గర పెట్టుకుని మెల్లగా ఊపాను. లోపల బరువుగా కదిలింది.

కడగలేదు. తుడవను కూడా తుడవలేదు. అత్తగారు చూస్తుండగానే తీసుకువెళ్ళి అమ్మవారి కలశం పక్కన ఆకుతో సహా పెట్టాను. ఆవిడ వచ్చినవాళ్ళని ఒకసారి చూసి, మిగిలిన విస్తళ్ళు తీసుకుని పరిచారు.

దీపాలు పెట్టే వేళకి పేరంటాళ్ళు తాంబూలానికి వచ్చారు. పంతులమ్మగారు గుమ్మం దగ్గరే ఆగి, కలశం వైపు చూసి, వేలితో చూపించారు. గూడు కొస లోపలినుంచి తడిసింది. తడిసిన చోటి నుంచి ముందు రెండు కాళ్ళు, తర్వాత పసుపు నూగు ఉన్న తల, ఆ తర్వాత ఒళ్ళంతా మెల్లగా బయటికి వచ్చింది. రెక్కలు పిండి పారేసిన గుడ్డముక్కల్లా ఉన్నాయి. అది పాకుతూ కలశం మీదికెక్కి, కొబ్బరికాయకి చుట్టిన రవికెలగుడ్డ పట్టుకుని వేలాడింది. శనగలు పంచడం ఆగిపోయింది. మేము చూస్తుండగానే ఆ ముడతలు ఒక్కొక్కటీ విప్పుకుని, నా అరచేతికంటే పెద్ద రెక్కలయ్యాయి. పసుపురంగు. ఒక్కొక్క రెక్క మీద గుండ్రటి చుక్క, చుక్క మధ్యలో అద్దంలా పారదర్శకంగా చిన్న భాగం. దాని వెనక దీపం కనిపిస్తోంది.

"ప్రజాపతి వచ్చింది, మాషీమా" అంది బెంగాలీ దీదీ, మా అత్తగారి చెయ్యి పట్టుకుని. "ఇంట్లో పెళ్ళి జరుగుతుంది." మనకి ప్రజాపతి అంటే బ్రహ్మ. వాళ్ళకి ఆయనా ప్రజాపతే, సీతాకోకచిలుకా ప్రజాపతే. పెళ్ళిపత్రికల మీద దీని బొమ్మ వేస్తారు.

"ఎవరికే పెళ్ళి?" అన్నారు అత్తగారు. "మా ఇంట్లో అందరికీ అయిపోనాయి. నాకేటైనా సేస్తారేటి?" అని, పంతులమ్మగారి వైపు తిరిగి, "ఇదిగో, నీకే వచ్చినాది పంతులమ్మా" అన్నారు.

"ఆగండి, ఇంకా పరిచయమైనా కాలేదు" అన్నారు పంతులమ్మగారు.

ఒక్కసారిగా అందరూ నవ్వారు. అత్తగారు నవ్వుతూనే ఉన్నారు గానీ, కన్ను మాత్రం ట్రంకుపెట్టె మీదుంది. "ఎంత బాగున్నా సిమ్మటే కదా. సీరలు కొరికీదా?"

"కొరకదండీ. దీనికి తినే నోరే లేదు. ఉన్న వారం రోజులూ ఏమీ తినకుండానే బతుకుతుంది."

"నోరు నేని ఆడదా?" అత్తగారు నా వైపు చూశారు. నెల రోజుల తర్వాత మొదటిసారి తిన్నగా చూశారు. "అయితే మా కోడలికి సుట్టమే. రాయే, నిలబడిపోనావేటి, సుట్టానికి బొట్టెట్టు."

నేను ఆ ఆకు మీద కుంకుమ పెట్టాను. ఆ రాత్రి ఇంట్లో గోడలతో మాట్లాడే అవసరం లేకపోయింది.

మర్నాడు పొద్దున్న కిటికీ చువ్వ మీద ఇంకొకటి ఉంది. ఇటుకరంగుది, మగది. పంతులమ్మగారు పళ్ళు తోముకుంటూ వచ్చి చూశారు. హిజ్లీ అవతలి అడవి నుంచే వచ్చి ఉంటుందన్నారు. అంత దూరం ఎలా తెలిసిందండీ అని అడిగాను. అప్పుడు చెప్పిన మాట నేను ఎన్నిసార్లు తలుచుకున్నానో చెప్పలేను.

"కోసా, కోసు, ఒకలా ఉన్నాయి కదా అని మొన్న అడిగావు. కోసా అంటే కోశం, గూడు, ఒర. కోసు వేరే ఇంటిది. క్రోశం అంటే కేక. ఒక మనిషి కేక వేస్తే ఎంత దూరం వినపడుతుందో అంత దూరం కోసు. మన ఆడపురుగు కేక వెయ్యలేదు. నోరే లేదు. ఊరికే కలశం మీద కూర్చుంది, గాలిలో దాని వాసన వెళ్ళింది. కేక కంటే దూరం వెళ్ళింది." నా వైపు తిరిగి, "భజనలో నీ గొంతు వినపడదని ఎవరో అన్నారని బాధపడ్డావు కదా. వినపడాల్సినవాడికి వినపడుతుందిలే" అన్నారు.

ఆ తర్వాత అయిదేళ్ళు పట్టింది. చలికాలంలో విస్తరాకులామె గూళ్ళు తెచ్చేది, వానల్లో పురుగులు బయటికి వచ్చేవి. అవి వెళ్ళిపోయిన ఖాళీ గూళ్ళని మేము సోడా నీళ్ళలో ఉడకబెట్టేవాళ్ళం. మొదటిసారి ఆ నీళ్ళు మరుగుతుంటే గూళ్ళ గంప వెనక్కి లాక్కున్నాను. పంతులమ్మగారు ఒక్కొక్క గూటి చిల్లిలోంచి వేలు పెట్టి చూపించారు, లోపల ఎవరూ లేరని. మధ్యాహ్నాలు వరండా గోడకి అటూ ఇటూ కూర్చుని వడికేవాళ్ళం. నా పోగు ఒకచోట తాడు, ఒకచోట వెంట్రుక. పంతులమ్మగారిది కొంచెం నయం. పరీక్ష పేపర్లు దిద్దుతూ మధ్యలో తకిలీ తిప్పేవారు, ఎవరి పేపరుకో పట్టునూగు అంటుకుని వెళ్ళేది.

మూడో ఏడు మా అత్తగారు ఇక చూడలేకపోయారు. "పోగా అది? తేలు తోకలా ఉన్నాది. ఇలా తే" అని లాక్కున్నారు. నలభై ఏళ్ళుగా దీపాలకి వత్తులు చేసిన అరచెయ్యి. తకిలీ కూడా లేకుండా తొడ మీద పెట్టి ఒక్కసారి తోసేసరికి తేనెరంగు పోగు సన్నగా, సమంగా సాగింది. పంతులమ్మగారు నోటుబుక్కు తీసి, "దీన్ని మీ ఇంట్లో ఏమంటారు?" అని అడిగారు.

"ఏటంటాం, పనంటాం" అన్నారు అత్తగారు. ఆవిడ అదే రాసుకున్నారు.

పొందూరు వైపు తన చుట్టాల మగ్గం మీద నేయించిన గుడ్డని పంతులమ్మగారు వేసవి సెలవుల నుంచి వస్తూ తెచ్చారు. మూరన్నర పొడుగు. అక్కడక్కడ ముడులు, నా పోగు ఎక్కడుందో చెప్పేస్తూ. అప్పన్నకి కప్పిన రోజు అత్తగారు పెట్టెలోంచి నా పెళ్ళిచీర తీసి, "మొక్కు తీరినాది కదా, కట్టుకో" అన్నారు. కట్టుకోలేదు. ఆవిడ మరి ఒత్తిడి చేయలేదు. దాన్ని తిరిగి మడతపెడుతూ, "సిమ్మటలు కొట్టకుండా ఎండలో ఎట్టాలి" అన్నారు, అంతే.

రిటైరయ్యాక పంతులమ్మగారు క్వార్టరు ఖాళీ చేసి ఝపటాపూర్‌లో రెండు గదుల ఇల్లు తీసుకున్నారు. నేను నెలకి రెండుసార్లయినా వెళ్ళేదాన్ని. వెళ్ళేసరికి టీ, మరమరాలు, ఏదో ఒక కొత్త మాట సిద్ధంగా ఉండేవి. కూరగాయలవాడు తక్కువ తూచినా ఊరుకునేవారు గానీ, దోసకాయని వాళ్ళ ఊళ్ళో ఏమంటారో చెప్పకుండా పోనిచ్చేవారు కాదు. దగ్గు వచ్చినా, మోకాళ్ళు నొప్పి పెట్టినా అడిగితే, "ఉన్నాయిలే, వాటి పని అవి చేసుకుంటాయి" అనేవారు. వాకిట్లో తాడుకి ఏటా నాలుగైదు గూళ్ళు వేలాడుతూనే ఉండేవి.

బుధవారం అక్కడికి బయలుదేరేముందు నేను దేవుడి గదిలోకి వెళ్ళి అప్పన్న మీది గుడ్డ తీశాను. అత్తగారు గుమ్మంలో నిలబడ్డారు.

"దేవుడికిచ్చింది తీస్తావేటే?"

"ఆవిడ లేకపోతే ఇది లేదు అత్తా. ఆవిడకి కప్పుతాను."

"ఏటి? వినపడనేదు."

నేను మళ్ళీ చెప్పాను. ఎంత గట్టిగా చెప్పానంటే సైకిలు దగ్గర నిలబడిన నర్సమ్మాయి వెనక్కి తిరిగి చూసింది. ఈ ఇంట్లో నేను అంత గొంతు ఎత్తడం అదే మొదలు.

అత్తగారు అప్పన్న వైపు చూశారు. "మరి ఈయనకి?"

"మళ్ళీ వడుకుదాం."

ఆవిడ తన రెండు చేతులూ ముందుకు చాపి, వేళ్ళు ముడిచి, తెరిచి చూసుకున్నారు. "అయితే బేగి సెయ్యాలి. నాకు ఎనబై" అన్నారు. తర్వాత రిక్షా పిలవమన్నారు, తనూ వస్తానని.

పంతులమ్మగారి తమ్ముడి కొడుకు విజయనగరం నుంచి బయలుదేరి రాత్రికి వచ్చాడు. అప్పటికి ఆడవాళ్ళం చేయాల్సినవి చేసి ఉంచాం. మూరన్నర గుడ్డ ఆవిడ భుజాలకి సరిగ్గా సరిపోయింది. అత్తగారు ఒక ముడిని వేలితో తడిమి, "ఇది నీదే" అన్నారు నాతో. వాకిట్లో చెప్పులు విడవడానికి చోటు లేదు. ఆవిడ దగ్గర చదువుకున్నవాళ్ళూ, లైనువాళ్ళూ తెలుగులో, బెంగాలీలో, హిందీలో ఆవిడ గురించే చెప్పుకుంటున్నారు. అన్ని భాషల్లోనూ మధ్యమధ్య నవ్వు వినిపించింది. ఆవిడకి అది నచ్చేది.

వచ్చేటప్పుడు పక్కింటావిడ తాడుతో సహా అయిదు గూళ్ళు నా చేతిలో పెట్టింది. ఈ ఏటివి. తెచ్చి దేవుడి గదిలో, అప్పన్న పక్కన, ఆ పాత మేకుకే కట్టాను. అత్తగారు చూశారు. కడగమనలేదు.

ఇవాళ పొద్దున్న దీపం పెట్టడానికి వెళ్ళేసరికి ఒక గూడు కొస విచ్చుకుని ఉంది. ఖాళీ గూడు పట్టుకుని పసుపురంగు ఆడపురుగు వేలాడుతోంది. వాన తెరిపి ఇచ్చి ఎండ వచ్చింది. ఆ ఎండ దాని రెక్కల మీది నాలుగు అద్దాల్లోంచి దూరి, గుడ్డ లేని అప్పన్న పటం మీద నాలుగు చిన్న వెలుగు చుక్కలై పడింది.

నేను కిటికీ రెక్కలు రెండూ పూర్తిగా తెరిచి వచ్చి కూర్చున్నాను. ఇంకేమీ చెయ్యక్కర్లేదు.